చినుకా, మరకా?

బొమ్మ నాణ్యత గురించి రేడియోలో మాట్లాడటం విడ్డూరంగా ఉండొచ్చు. చూపించడానికి నా దగ్గర తెర లేదు. దానివల్ల ఒక మేలు కూడా ఉంది. ధగధగలాడే దృశ్యం ఒకటి చూపించి ఒప్పించే వీలు లేదు గనక, అన్న ప్రతి మాటకీ కారణం చెప్పుకోవాలి. పాత సినిమాలు బ్లూరే డిస్కుల మీదా, ఈమధ్య 4కె డిస్కుల మీదా మళ్ళీ వస్తున్నప్పుడు మనం మెచ్చుకునే తీరు ఎలా ఉంటుంది? అద్దంలా ఉందంటాం. నిన్న మొన్న తీసినట్టుందంటాం. ఎక్కడా ఒక్క మచ్చ లేదంటాం. ఇవన్నీ పొగడ్తలుగానే చెలామణీ అవుతున్నాయి. చాలా సందర్భాల్లో ఈ మాటలు వినగానే అనుమానం రావాలని నా వాదన. ఇంట్లో పెట్టుకుని చూసే డిస్కు ఒక నకలు. నకలు ఎంత ముచ్చటగా ఉన్నా, అసలు పక్కన పెట్టి చూస్తేగాని నిగ్గు తేలదు. అసలులో ఉన్నది ఎంత దక్కింది, లేనిది ఎంత చేరింది అన్న రెండు ప్రశ్నలకి జవాబు దొరికితే బొమ్మ నాణ్యత తెలిసినట్టే.

ముందు ఒక చిక్కు ఉదాహరణ తీసుకుందాం. 2002లో డానీ బాయిల్ '28 డేస్ లేటర్' అనే ఇంగ్లీషు సినిమా తీశారు. మహమ్మారి పాకి జనమంతా పోయిన లండన్ నగరం అందులో కనిపిస్తుంది. తెల్లవారుజామున వీధుల్లో రాకపోకలు ఆపగలిగేది కొద్దిసేపే. అంత తక్కువ వ్యవధిలో పెద్ద కెమెరాలు బిగించి తీయడం కుదరదు. అందుకని ఛాయాగ్రాహకుడు ఆంథొనీ డాడ్ మాంటల్, పెళ్ళిళ్ళ వీడియోలు తీసేవాళ్ళు కూడా అప్పట్లో వాడిన తరహా చిన్న డిజిటల్ వీడియో కెమెరాలు కొన్నిటిని ఒకేసారి పెట్టి తీశారు. ఆ టేపులో ఉండేవి 576 గీతలు. బ్లూరే డిస్కులో పట్టేవి 1080. ఆ సినిమా బ్లూరే వేసి చూస్తే మొహాలు అలుక్కుపోయినట్టుంటాయి, మేడల అంచులు మెట్లు మెట్లుగా కనిపిస్తాయి. డిస్కు బాగాలేదని డబ్బు వెనక్కి అడిగితే తప్పు మనదే అవుతుంది. అదే సినిమా చివరికి వచ్చేసరికి బొమ్మ ఒక్కసారిగా తేటపడుతుంది, ఎందుకంటే ఆ చివరి ఘట్టాన్ని 35 ఎం.ఎం. ఫిల్ము మీద తీశారు. ఒకే డిస్కు మీద రెండు రకాల బొమ్మలున్నా రెండూ న్యాయమైనవే. మసక బొమ్మ ఉన్న డిస్కు మంచి డిస్కు కావచ్చని ఒప్పుకుంటే, తేట బొమ్మ ఉన్నది చెడ్డ డిస్కు కావచ్చని ఒప్పుకోవడం కష్టం కాదు.

అసలులో ఏముంటుందో కాస్త దగ్గరగా చూడాలి. ఫిల్ము మీద జెలటిన్ పొరలో వెండి లవణాల స్ఫటికాలు చెదురుమదురుగా పరుచుకుని ఉంటాయి. వెలుతురు తగిలిన స్ఫటికాలు రసాయనాల్లో కడిగాక నల్లని వెండి రేణువులై మిగులుతాయి. రంగుల ఫిల్ములో ఆ వెండిని కడిగేశాక, దాని చోట రంగు మచ్చలు మిగులుతాయి. సినిమావాళ్ళు గ్రెయిన్ అనేది దీన్నే. సెకనుకి 24 ఫ్రేములుంటే, 24లోనూ ఈ రేణువుల అమరిక వేరువేరు. అందుకే తెర మీద సన్నటి కదలిక, ఒక సజీవమైన రవ్వ కనిపిస్తుంది. తక్కువ వెలుతురులో పనిచేసే ఫిల్ములో స్ఫటికాలు పెద్దవి, రవ్వ ఎక్కువ. ఫ్రేము పెద్దదైతే అదే రవ్వ తెర మీద సన్నగా కనిపిస్తుంది. 1962 నాటి 'లారెన్స్ ఆఫ్ అరేబియా' 65 ఎం.ఎం. నెగటివ్ మీద తీసిన సినిమా. దాని యాభయ్యేళ్ళ సందర్భానికి 2012లో ఆ నెగటివ్‌ని 8కెలో స్కాన్ చేసి, 4కెలో పునరుద్ధరించారు. ఆ ఎడారి బొమ్మ అంత నిర్మలంగా ఉండటానికి కారణం ఆ నెగటివ్ వైశాల్యమే, ఎవరో తర్వాత దిద్దడం వల్ల వచ్చిన నిర్మలత్వం కాదది. ఇంకో సినిమాకి అదే నిర్మలత్వం కావాలని పట్టుబడితే అది దొంగ నిర్మలత్వమే అవుతుంది.

ఆ దొంగ నిర్మలత్వం ఎలా వస్తుందో చెప్పడానికి బాగా పేరుపడ్డ సాక్ష్యం 1987 నాటి 'ప్రెడేటర్'. మెక్సికో అడవుల్లో చెట్ల గుబురుల కింద తీసిన సినిమా కాబట్టి దాని నెగటివ్‌లో గ్రెయిన్ దండిగా ఉంది. 2008లో వచ్చిన మొదటి బ్లూరేలో ఆ గ్రెయిన్ కనిపించింది, కొన్నవాళ్ళు కొందరు గొణిగారు. 2010లో మళ్ళీ విడుదల చేసినప్పుడు నాయిస్ రిడక్షన్ అనే డిజిటల్ వడపోత గట్టిగా వాడారు. గ్రెయిన్ పోయింది. దానితో పాటే ఆర్నాల్డ్ ష్వార్జ్‌నెగర్ చర్మం మీది రంధ్రాలు, చెమట బొట్ల అంచులు, ఆకుల ఈనెలు కూడా పోయాయి. మొహాలు మైనపు మొహాలయ్యాయి. దీనికంటే బాధ కలిగించేది 'ప్యాటన్'. 1970లో 65 ఎం.ఎం. మీద తీసిన ఆ సినిమాలో వదిలించుకోవలసినంత గ్రెయిన్ అసలు లేనే లేదు. అయినా 2008 నాటి బ్లూరేలో మొహాలకి ఇస్త్రీ చేసేశారు. 2012లో కొత్తగా తయారుచేసి మళ్ళీ విడుదల చేశాక గాని, మొదటి డిస్కులో ఏం పోయిందో జనానికి పూర్తిగా తెలియలేదు.

ఈ వడపోత ఎలా పనిచేస్తుందో తెలియాలంటే ఒక కిటికీ దగ్గరికి వెళ్ళాలి. 'సిటిజెన్ కేన్' సినిమాలో, కేన్ చనిపోయాక, అతని పాత మేనేజరు బెర్న్‌స్టైన్‌ని విలేకరి వచ్చి కలుస్తాడు. ముసలాయన ఆఫీసులో కూర్చుని, కుర్రతనంలో ఒక్క క్షణం చూసిన తెల్ల గౌను అమ్మాయిని జ్ఞాపకం చేసుకుంటాడు. వెనక కిటికీ బయట వాన పడుతూ ఉంటుంది. 1941 నాటి ఈ సినిమాని బాగుచేసి 2001లో డీవీడీగా తెస్తే, ఆ వాన దాదాపుగా మాయమైపోయింది. కారణం ఇది. పాత ఫిల్ము మీద దుమ్ము, గీతలు ఏ ఒక్క ఫ్రేములోనో ఉంటాయి, ముందు ఫ్రేములో ఉండవు, వెనక ఫ్రేములో ఉండవు. అందుకని సాఫ్ట్‌వేర్ మూడు ఫ్రేముల్నీ పోల్చి, మధ్యదానిలో మాత్రమే ఉన్నది మురికి అని తేల్చి తుడిచేస్తుంది. వాన చినుకు కూడా అంతే కదా, ఈ ఫ్రేములో ఇక్కడుంటుంది, పై ఫ్రేములో ఉండదు. యంత్రం తన పని తాను నమ్మకంగా చేసింది. చినుకుకీ మరకకీ తేడా చెప్పవలసిన మనిషి చెప్పలేదు. 2011లో వచ్చిన బ్లూరేలో వాన తిరిగొచ్చింది. 'గ్లాడియేటర్' మొదటి బ్లూరే 2009లో వచ్చినప్పుడు కూడా ఇదే జరిగింది. జర్మేనియా అడవిలో జరిగే మొదటి యుద్ధంలో నిప్పుల బాణాలు కొన్ని గాలిలోకి లేచి, మధ్యలోనే కనిపించకుండా పోయాయి. ఆ డిస్కులో ఇంకో తమాషా ఉంది. విడుదలప్పుడు తీసేసి తర్వాత కలిపిన దృశ్యాలు అసలు సినిమా కంటే బాగున్నాయి, ఎందుకంటే వాటిని వేరేగా, కొత్తగా స్కాన్ చేశారు. ఇందాకటి లండన్ సినిమాలోనూ ఒకే డిస్కు మీద రెండు రకాల బొమ్మలే చూశాం. అక్కడ తేడాకి కారణం కెమెరా, ఇక్కడ కారణం బద్ధకం. 2010లో 'గ్లాడియేటర్'కి సరైన డిస్కు తెచ్చారు.

ఇక మిగతా రోగాల గురించి టూకీగా చెప్పేస్తాను. వడపోతలో పోయిన పదునుని కృత్రిమంగా తెప్పించాలని చూస్తే, ఆకాశం ముందు నిలబడ్డ మనిషి చుట్టూ తెల్లటి గీత ఒకటి తేలుతుంది. దత్తాంశాన్ని మరీ కుదిస్తే చీకటి గదుల్లో గోడలు గళ్ళు గళ్ళుగా చీలిపోతాయి. బ్లూరేలో బొమ్మకి సెకనుకి 40 మెగాబిట్ల దాకా చోటుంది. ఇంటర్నెట్‌లో వచ్చే 4కె బొమ్మకి తరచు అందులో సగం కూడా దక్కదు. గ్రెయిన్ మీద కంపెనీలకి ఉన్న చిరాకు సగం ఇందువల్లే అని నా అనుమానం. ఒక ఫ్రేముకీ ఇంకో ఫ్రేముకీ పొంతన లేని రేణువుల్ని కుదించడం మహా కష్టం, బోలెడు చోటు తినేస్తాయి. ఏవీ1 అనే కొత్త కుదింపు పద్ధతిలో ఏకంగా గ్రెయిన్ తీసేసి బొమ్మ పంపించి, మన ఇంటి టీవీలో కృత్రిమ గ్రెయిన్ చల్లే ఏర్పాటుంది. దాన్ని ఫిల్ము రవ్వ అని నమ్మమంటున్నారు.

దీనికి అడ్డం వచ్చే మొదటి ప్రశ్న న్యాయమైనదే. గ్రెయిన్ ఆనాటి సాంకేతిక లోపం కదా, ఛాయాగ్రాహకులు కూడా వీలున్నప్పుడల్లా సన్నటి రవ్వ ఉండే ఫిల్మే ఎంచుకున్నారు కదా, వాళ్ళు వద్దనుకున్నదాన్ని మనం తీసేస్తే తప్పేమిటి? నిజమే, చాలామంది గ్రెయిన్‌ని కోరి తెచ్చుకోలేదు. అయితే గ్రెయిన్ బొమ్మ మీద పడ్డ దుమ్ము కాదు. ఆ రేణువులు తప్ప ఫిల్ములో వేరే బొమ్మంటూ లేదు. కనురెప్ప వెంట్రుక ఒకటి ఈ ఫ్రేములో రెండు రేణువుల మీద నమోదవుతుంది, పై ఫ్రేములో ఇంకో మూడింటి మీద. వరసగా పరుగెత్తే ఫ్రేముల్ని కలుపుకుని మన కన్ను ఆ వెంట్రుకని పూర్తి చేసుకుంటుంది. రేణువుల్ని సగటు చేసి చదును చేస్తే వెంట్రుక కూడా చదునైపోతుంది. గ్రెయిన్ లేని ఫిల్ము ఆ రోజు దొరికి ఉంటే దానిమీద వెంట్రుక పడేది. వడపోసిన డిస్కులో అటు గ్రెయినూ లేదు, ఇటు వెంట్రుకా లేదు. పోనీ, కొన్నవాడికి నున్నటి బొమ్మే ఇష్టం అంటారా? అది అతని హక్కు, ఆ పని చేసే మీట అతని టీవీలోనే ఉంది. డిస్కులో గ్రెయిన్ ఉంటే ఇంట్లో తగ్గించుకోవచ్చు. డిస్కులోనే తీసేస్తే ఎవరూ తెచ్చుకోలేరు.

రెండో అభ్యంతరం ఇంకా బలమైనది. సాక్షాత్తూ దర్శకుడే దగ్గరుండి డిస్కు చేయించాక, మధ్యలో మీరెవరు అని. 'ది ఫ్రెంచ్ కనెక్షన్' విషయంలో ఈ తగువు బహిరంగంగానే నడిచింది. 1971లో విలియం ఫ్రీడ్‌కిన్ తీసిన ఆ సినిమాలో న్యూయార్క్ చలికాలం మట్టిరంగులో, మొరటుగా ఉంటుంది. 2009 బ్లూరే కోసం ఫ్రీడ్‌కిన్ స్వయంగా రంగులు మార్చేశారు. బొమ్మని నలుపు తెలుపు చేసి, దానిమీద రంగుని కాస్త మసగ్గా పరిపించారు. వీధులు వెలిసిపోయి నీలివన్నెకి తిరిగాయి, ఎర్రరంగు గీత దాటి పక్కకి కారింది. సినిమా తీసిన ఛాయాగ్రాహకుడు ఓవెన్ రాయిజ్‌మన్ ఇది నేను తీసిన బొమ్మ కాదని గట్టిగానే నిరసించారు. చివరికి 2012లో రాయిజ్‌మన్ భాగస్వామ్యంతో పాత వన్నె తెచ్చి మళ్ళీ విడుదల చేశారు. దర్శకుడు ముఖ్యమైన సాక్షి, సందేహం లేదు. కాని ముప్పై ఎనిమిదేళ్ళ తర్వాత ఆయన చెప్పేది సాక్ష్యమా, కొత్త కోరికా అని అడిగే హక్కు మనకుంది. 1972లో ఆ సినిమాకి ఉత్తమ చిత్రంగా ఆస్కార్ ఇచ్చినవాళ్ళు చూసింది ఆ పాత మట్టిరంగునే. దర్శకుడికి కొత్త రూపం ఇవ్వాలనిపిస్తే నిక్షేపంగా ఇవ్వొచ్చు. కొత్త రూపమని పెట్టె మీద రాసి, పాతది కూడా పక్కన పెడితే ఎవరికీ పేచీ ఉండదు. పాతదాన్ని మాయం చేసి, ఎప్పుడూ ఇదే ఉందన్నప్పుడే పేచీ.

జేమ్స్ కామెరన్ సినిమాలతో ఈ తగువు ఇంకో మెట్టెక్కింది. 'ఏలియన్స్', 'ది ఎబిస్', 'ట్రూ లైస్' 2024లో 4కె డిస్కులుగా వచ్చాయి. న్యూజీలాండ్‌లోని పార్క్ రోడ్ పోస్ట్ సంస్థలో యంత్రాభ్యాసం మీద నడిచే పరికరాలతో వాటిని సిద్ధం చేశారు. ఇది పాత వడపోతలా పోగొట్టి ఊరుకోదు. వేల మొహాలు చూసి నేర్చుకున్న లెక్కతో ఇక్కడ కనుబొమ ఇలా ఉండాలి అని ఊహించి పూరిస్తుంది. మూడింటిలో 'ట్రూ లైస్' మీద ఎక్కువ విమర్శ వచ్చింది. మొహాల్లో ఒకపక్క మైనపు నునుపు, ఇంకోపక్క ఎక్కడిదో తెలియని పదును, రెండూ ఒకే చెంప మీద. అరిగిపోయిన శాసనాన్ని శాసన పరిశోధకులు ఏం చేస్తారో గుర్తు తెచ్చుకోండి. తడి కాగితం అద్ది, సిరా పూసి, ఉన్న అక్షరాన్ని ఉన్నంత మేరకే ముద్ర తీస్తారు. అరిగిన చోట ఉలి పెట్టి, ఇక్కడ 'క' ఉండి ఉంటుందని చెక్కేవాడిని గుళ్ళోకే రానివ్వరు, వాడు చెక్కిన 'క' ఎంత చక్కగా ఉన్నాసరే.

తెలుగువాళ్ళకి ఈ చర్చ కొత్తేమీ కాదు. 1957 నాటి 'మాయాబజార్' 2010 జనవరిలో రంగుల్లో వచ్చింది. హైదరాబాదు సంస్థ గోల్డ్‌స్టోన్ టెక్నాలజీస్ చేసిన పని అది. ఎంతో శ్రమ పడ్డారు, జనం థియేటర్లకి వెళ్ళి చూశారు, కొత్త తరం పిల్లలకి ఘటోత్కచుడు పరిచయమయ్యాడు. ఈ లాభాన్ని నేను కొట్టిపారేయను. బొమ్మ నాణ్యత సంగతి వేరు. ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్‌ట్లే ఆ సినిమాని నలుపు తెలుపులకే వెలిగించారు. పడవ పాటలో వెన్నెల అంటే ఆయనకి రంగు కాదు. నీటి మీద మెరుపు ఎంత, మొహం మీద వెలుగు ఎంత, వెనక చెట్లు ఎంత నలుపులోకి దిగాలి అన్న కొలతలే వెన్నెల. పక్కపక్కనున్న రెండు వస్తువులు వేరువేరుగా కనిపించడానికి రంగు సాయం లేదు గనక, ఆ పనంతా నీడతో చేయించారు. దానిమీద రంగు వేస్తే వేరు చేసే పని రంగు తీసుకుంటుంది, నీడ నిరుద్యోగి అవుతుంది. రంగుల ప్రతి బాగుందా అని అడిగితే, రంగుల ప్రతిగా బాగుండొచ్చు. 'మాయాబజార్' బొమ్మ బాగా వచ్చిందా అని అడిగితే నలుపు తెలుపు ప్రతినే తీసి చూడాలి.

ఇంకో మాట కూడా తరచు వినిపిస్తుంది. నలభై మూడంగుళాల టీవీలో పదడుగుల దూరం నుంచి చూసేవాళ్ళకి ఈ రేణువుల గొడవ ఎందుకని. దూరం నుంచి రేణువు కనిపించదు, ఒప్పుకుంటాను. రంగు మారితే కనిపిస్తుంది, మైనపు మొహం కనిపిస్తుంది, బాణం లేకపోవడం వంటింట్లోంచి తొంగిచూసినా కనిపిస్తుంది. అయితే డిస్కుని తప్పుపట్టే ముందు టీవీని నిలదీయాలి. కొట్టులో వరసగా పెట్టిన టీవీల్లో కంటికి కొట్టొచ్చినట్టు కనిపించాలని వివిడ్ అనే అమరికలో ఉంచుతారు. అందులో తెలుపు నీలంగా ఉంటుంది, చర్మం నారింజరంగులో ఉంటుంది. కొన్నిసార్లు టీవీ అదే అమరికతో ఇంటికొస్తుంది. దానికి తోడు మోషన్ స్మూతింగ్ అని ఒకటుంది. 24 ఫ్రేముల మధ్య లేని ఫ్రేముల్ని పుట్టించి సినిమాని టీవీ సీరియల్‌లా జారిపోయేలా చేస్తుంది. అది ఆపేయండి మహాప్రభో అని 2018 డిసెంబరులో టామ్ క్రూజ్, దర్శకుడు క్రిస్టఫర్ మెక్వారీ కలిసి ఒక వీడియోలో ప్రేక్షకుల్ని వేడుకున్నారు. మరుసటి ఏడు టీవీ కంపెనీలు, దర్శకులు కలిసి ఫిల్మ్‌మేకర్ మోడ్ అనే అమరికని ప్రకటించారు. ఈ అదనపు హంగులన్నిటినీ ఒక్క మీటతో ఆపడమే దాని పని. లక్షలు పోసి కొన్న టీవీలో అన్నిటికంటే ఉపయోగపడేది అన్నీ ఆపే మీట కావడం మన కాలపు వింత.

ఇంత పట్టించుకునేవాళ్ళు పిడికెడుమందే కదా, వాళ్ళ తీర్పుతో ఏమవుతుంది అంటే, అయిన పనుల జాబితా చూడండి. 'ది ఫిఫ్త్ ఎలిమెంట్' 2006లో తొలి బ్లూరేల్లో ఒకటిగా వచ్చి మాట పడింది, ఏడాదికి కొంచెం అటూఇటుగా మెరుగైన ప్రతి వచ్చింది. 'గ్లాడియేటర్', 'ప్యాటన్', 'ది ఫ్రెంచ్ కనెక్షన్' సంగతి ఇప్పటికే చెప్పాను. కొన్నవాళ్ళు దగ్గరగా చూసి, పాతదానితో పోల్చి, ఫలానా చోట ఫలానాది పోయిందని చూపించారు. నాకు నచ్చలేదు అంటే కంపెనీలు కదలవు. ఈ దృశ్యంలో బాణాలేవి అని అడిగితే కదులుతాయి. మన దగ్గర 2022లో 'పోకిరి' మళ్ళీ థియేటర్లకి వచ్చినప్పటి నుంచి పాత సినిమాలు వరసగా 4కె పేరుతో విడుదలవుతున్నాయి, వాటిలో కొన్ని ఇళ్ళలోని తెరల మీదికీ వస్తున్నాయి. 4కె అన్న మాట బయటికొచ్చే పిక్సెళ్ళ లెక్క చెబుతుంది. లోపలికి ఏం వెళ్ళిందో చెప్పదు. ఒరిజినల్ నెగటివ్ నుంచి స్కాన్ చేశారా, థియేటర్లలో తిరిగి అరిగిన ప్రింటు నుంచా, ఏ టీవీ ఛానల్‌కో ఇచ్చిన టేపుని సాగదీశారా? మూడిటి పోస్టరూ ఒకటే. ఆ ఒక్క ముక్క పోస్టరు మీద అచ్చు వేయడానికి నిర్మాతకి అదనపు ఖర్చేమీ ఉండదు, టికెట్టు కొనేటప్పుడు అడగడానికి మనకీ ఉండదు.